మాల తీసిన మర్నాడు

సంఘసేవ అనే మాట వినగానే మనలో చాలామందికి పెదవి విరవడం అలవాటు. వ్యవస్థను ముట్టుకోకుండా వ్యక్తుల గాయాలకు కట్లు కట్టడం వల్ల ఒరిగేదేమిటని మన ప్రశ్న. ప్రశ్న తప్పు కాదు. ఇక ఆ సంఘసేవలో సాయం పొందేవాళ్ళ మతవిశ్వాసాలను కూడా లెక్కలోకి తీసుకోవాలి, వాటితో కలిసి పనిచేయాలి అని ఎవరన్నా అంటే మనం ఆ పుస్తకమే మూసేస్తాం. నేనూ అలా మూసేసినవాణ్ణే. దాన్ని మళ్ళీ ఎందుకు తెరవాల్సివచ్చిందో, తెరిచాక అందులో ఒప్పుకోదగిందెంత, ఒప్పుకోకూడనిదెంత అని తోచిందో చెప్పడానికే ఈ వ్యాసం.

మా పలమనేరులో టమాటా మండీలున్నాయి. అక్కడ పెట్టెలు ఎత్తి దించే హమాలీలలో ఒకాయన కొడుకు నా దగ్గర తొమ్మిదో తరగతి చదివేవాడు. తండ్రి తాగుతాడు. కూలిడబ్బు చేతికొచ్చే చోటికీ ఇంటికీ మధ్య దుకాణం ఉంది, పొద్దున్నుంచీ బరువులు మోసిన ఒంట్లో నొప్పులున్నాయి. ఇందులో ఆశ్చర్యమేమీ లేదు. ఐతే ఏటా కార్తీకం రాగానే ఆయన అయ్యప్ప మాల వేసుకుంటాడు. మండలం, అంటే నలభై ఒక్క రోజులు, చుక్క ముట్టడు. శబరిమల వెళ్ళివచ్చి మాల తీసిన మర్నాడు మళ్ళీ మొదలు. ఒకరోజు వేమన పాఠం చెబుతూ "నలభై రోజులు అయ్యప్పస్వామి, మిగతా రోజులు సీసాస్వామి" అని ఒక మాట విసిరాను. పేరు చెప్పలేదు. చెప్పనక్కర్లేదు కూడా. తరగతి అంతా నవ్వింది. మర్నాటి నుంచి ఆ పిల్లవాడు వెనక బెంచీలో కూర్చున్నాడు. నేను మాత్రం ఆ రోజు హేతువాదం బోధించాననే అనుకున్నాను.

కొన్నాళ్ళకు నా పూర్వ విద్యార్థిని ఒకమ్మాయి వచ్చింది. తిరుపతిలో ఎమ్మెస్‌డబ్ల్యూ చదివి, తాగుడు వల్ల చితికిన కుటుంబాలతో పనిచేస్తోంది. తెలిసిన ఇళ్ళు చూపించమంది. మొదట ఆ హమాలీ ఇంటికే తీసుకువెళ్ళాను. నా సీసాస్వామి సామెత దారిలో ఆమెకూ వినిపించాను. ఆమె నవ్వలేదు. "మాలలో ఏముందో అడక్కుండా మాల బూటకమని ఎట్లా అంటాం సార్?" అంది.

ఆ ఇంట్లో ఆమె అడిగింది ఆ ఒక్కటే. ఆ నలభై రోజులూ పొద్దున లేచిందగ్గర్నుంచి ఏం చేస్తారో చెప్పమంది. ఆయన భార్య అందుకుని, "ఆ నలబై దినాలే అయివారూ నాకు సంసారం. మిగతాదంతా కాలం తోసేదే" అంది. తెల్లవారకముందే చన్నీళ్ళ స్నానం. ఒంటిపూట భోజనం. సాయంత్రం భజన. అక్కడ పదిహేను ఇరవైమంది స్వాములుంటారు, అందులో షావుకారు ఉంటాడు, బస్సు కండక్టరు ఉంటాడు, కులం అడిగేవాడు లేడు. మాలలో ఉన్నవాడికి తాగుదాం రమ్మని ఎవరూ చెప్పరు. చెబితే చెప్పినవాడికే పాపం. ఇదంతా విన్నాక ఆయన, అప్పటిదాకా నేల చూస్తూ కూర్చున్నవాడు, ఒక మాటన్నాడు: "మాలలో ఉంటే మండీ ఓనరు గూడా 'స్వామీ, ఆ పెట్టి దించు' అంటాడు సార్. మాల తీస్తే 'ఒరే' అంటాడు."

నేను ముప్ఫై ఏళ్ళుగా చదువుతున్న అభ్యుదయ సాహిత్యం ఈ మాటను నాకు ముందే చెప్పి ఉండాలి. చెప్పే ఉంటుంది, నాకే వినపడలేదు. మాలలో ఆయనకు దొరికింది దేవుడొక్కడే కాదు. ఒక వేళ, ఒక నియమం, ఒక సావాసం, మనిషికి మనిషి ఇచ్చే ఒక మర్యాద. నలభై ఒక్క రోజులు ఆయన 'స్వామి'. నలభై రెండో రోజు హమాలీ. తాగుడు మళ్ళీ మొదలయ్యేది మనోబలం తగ్గి అని మనం తీర్పు చెబుతాం గాని, ఆ ఒక్క రాత్రిలో ఆయన చుట్టూ ఉన్న సమాజమంతా మారిపోయిందని గమనించం.

ఇక్కడ పాఠకులకు ఒక అనుమానం రావచ్చు. ఇది భక్తిని వెనకదారిన లోపలికి తెచ్చే వాదమేమోనని. కాదు. మార్క్స్ 1843లో హెగెల్ న్యాయతత్వం మీద రాసిన విమర్శకు ఉపోద్ఘాతంలో మతాన్ని నల్లమందుతో పోల్చాడని మనందరికీ కంఠస్థం. ఆ మాటకు ముందున్న వాక్యాలను మనం చదవం. మతంలో కనిపించే బాధ నిజమైన బాధకు రూపమని, ఆ బాధ మీద నిరసన కూడా అందులో ఉందని ఆయన అక్కడే చెప్పాడు. అప్పటి ఐరోపాలో నల్లమందు నొప్పికి మందు కూడా. నొప్పి ఎక్కడుందో వెతక్కుండా మందు లాక్కోవడం భౌతికవాదం కాదు.

పాశ్చాత్య దేశాలలో తాగుడు మానేవాళ్ళ సంఘం ఆల్కహాలిక్స్ అనానిమస్ 1935లో అమెరికాలో, ఒహాయో రాష్ట్రపు ఏక్రన్ పట్టణంలో మొదలైంది. 1939లో వాళ్ళు తమ పన్నెండు మెట్లను పుస్తకంగా వేశారు. మెట్లలో దేవుడున్నాడు. ఐతే ఆ సంఘపు తొలి సభ్యులలో నాస్తికులూ ఉన్నారు. వాళ్ళు పట్టుబట్టడం వల్లనే దేవుడి పేరు వచ్చినచోట ఎవరికి వారు అర్థం చేసుకున్న దేవుడు అనే సవరణ చేరింది. దేవుణ్ణి తీసేయలేదు, తలుపు మాత్రం వెడల్పు చేశారు. 2020లో కోక్రేన్ సంస్థ ప్రచురించిన సమీక్ష, పూర్తిగా మానివేసి నిలబడే విషయంలో ఈ పద్ధతి తక్కిన మానసిక చికిత్సలకు తీసిపోదని, కొన్ని కొలతల్లో మెరుగని తేల్చింది. అది ఎందువల్ల పనిచేస్తుందో పరిశోధించినవాళ్ళు ఎక్కువ భాగం సావాసం మారడం వల్ల, తాగకుండా ఉండగలననే నమ్మకం పెరగడం వల్ల అన్నారు. మా హమాలీ చెప్పిందీ అదే. ఆయన పరిశోధన చేయలేదు, పెట్టెలు మోశాడు.

సంఘసేవ ఒక వృత్తిగా మనదేశానికి వచ్చినప్పుడే మతంతో దాని సంబంధం మొదలైంది. 1936లో బొంబాయిలో టాటావారి పాఠశాలను, తర్వాత టాటా ఇన్‌స్టిట్యూట్ అయినదాన్ని, నిలబెట్టిన క్లిఫర్డ్ మాన్షార్ట్ అమెరికా మిషనరీ. ఎదుటివాణ్ణి తీర్పు చెప్పకుండా వినాలి, తన బతుకు దారి తానే నిర్ణయించుకునే హక్కు అతనికుంది అని ఈ వృత్తిలో ప్రతి విద్యార్థీ వల్లెవేసే సూత్రాలను 1957లో క్రమబద్ధంగా రాసిన ఫీలిక్స్ బీస్టెక్ జెసూట్ ఫాదరీ. ఆ తర్వాత చాలాకాలం ఈ వృత్తి తనను తాను శాస్త్రంగా నిరూపించుకోవాలని మతం మాట ఎత్తడం మానేసింది. మళ్ళీ 1990ల నుంచి ఎత్తుతోంది. 1996లో క్రిస్టినా పుచాల్‌స్కీ అనే అమెరికా వైద్యురాలు రోగిని అడగవలసిన ప్రశ్నలను నాలుగు భాగాలుగా తయారుచేసింది. వాటిని మన మాటల్లో పెడితే ఇలా ఉంటాయి: కష్టమొచ్చినప్పుడు నిన్ను నిలబెట్టేదేమిటి? నీ బతుకులో దానికెంత చోటుంది? దాన్ని నీతో పంచుకునే మనుషులెవరు? నీకు సాయం చేసేటప్పుడు మేం దాన్ని ఎలా గుర్తుపెట్టుకోవాలి? ఇందులో నీ మతమేమిటనే ప్రశ్న లేదని గమనించాలి. దరఖాస్తులో 'హిందూ' అని రాయించుకుంటే తెలిసేది సున్న. నాలాంటి నాస్తికుడూ మొదటి ప్రశ్నకు జవాబు చెప్పగలడు.

నేను విసిరిన సామెతకు ఈ నాలుగు ప్రశ్నలకు ఉన్న తేడా చిన్నది కాదు. సామెత నేను చెప్పాను; ప్రశ్నలకు జవాబు ఆయన చెబుతాడు.

ఐతే 'అన్ని మతాలూ ఒకటే' అనే తియ్యటి మాటతో ఈ పని జరగదు. మా ఊళ్ళో ఉర్దూ మాట్లాడే ముస్లిం కుటుంబాలు చాలా ఉన్నాయి. అమెరికాలోని రిఫార్మ్‌డ్ చర్చివారి ఆర్కాటు మిషన్ కాలం నుంచి క్రైస్తవులున్నారు. కాణిపాకం పోయి వరసిద్ధి వినాయకుడి ముందు ఇక తాగనని ప్రమాణం చేసివచ్చేవాళ్ళున్నారు. రంజాన్ నెలంతా మానేసే మెకానిక్కు ఉన్నాడు, ఈస్టరుకు ముందు శ్రమదినాల్లో మానేసే మేస్త్రీ ఉన్నాడు. తాగేవాడికి నెల రోజులో నలభై రోజులో సెలవివ్వడం మూడు మతాల్లోనూ ఉందన్నమాట. మొదట నాకు ఇదొక పెద్ద ఆవిష్కరణలా తోచింది. "మసీదు పెద్దతో చెప్పించు, చర్చిలో చెప్పించు, భజనలో చెప్పించు, మూడుచోట్లా ఒకే పద్ధతి" అని మా అమ్మాయికి సలహా ఇచ్చాను. అయ్యవారికి సలహాలివ్వడం ఒక రోగం.

ఆమె ఒప్పుకోలేదు. హమాలీ తాగుతాడని వీధంతా తెలుసు. గురుస్వామి దగ్గర ఆ మాట ఎత్తితే కొత్తగా పోయే పరువు లేదు. మెకానిక్కు విషయం అలా కాదు. మద్యం హరామ్ అయినచోట తాగేవాడు దాచుకుని తాగుతాడు, ఇంటివాళ్ళు దాన్ని ఇంకా లోతుగా దాస్తారు. భార్య పుట్టింటివాళ్ళకు కూడా చెప్పదు. ఆ ఇంటి గుట్టును మసీదు పెద్ద చెవిన వేయడమంటే, సాయం పేరుతో వాళ్ళను వీధిలో నిలబెట్టడమే. ఆయనే అడిగినప్పుడు, ఆయన ఎంచుకున్న మనిషితోనే ఆ మాట. చర్చిలో ఇంకొక చిక్కు. సభలో లేచి తన పాపం తానే చెప్పుకునే సాక్ష్యం వల్ల కొందరికి గుండెబరువు దిగుతుంది, నలుగురిలో మాట ఇచ్చిన బలం వస్తుంది. కాని అతను కొట్టిన భార్య కూడా అదే సభలో కూర్చుని ఉంటుంది. భర్త కన్నీళ్ళతో సాక్ష్యం చెప్పాక క్షమించకపోవడం ఆమె పాపమౌతుంది. హిందూ ఇళ్ళలో ఇదే పనిని ఓర్పు, కర్మ అనే మాటలు చేస్తాయి. మగవాడి మారుమనసుకు ఆడదాని ఒంటిని జామీను పెట్టే ఏ విశ్వాసంతోనూ సంఘసేవకురాలు రాజీపడకూడదు. అక్కడ ఆమె ముందు అడగవలసింది ఆ ఇల్లాలికి ఈ రాత్రి దెబ్బలు లేకుండా పడుకోవడానికి చోటుందా అని.

వైద్యం సంగతి కూడా ఇక్కడే చెప్పాలి, ఇది చాలామంది గురుస్వాములకూ పాస్టర్లకూ తెలియదు. ఏళ్ళ తరబడి రోజూ ఎక్కువగా తాగినవాడు ఒక్కసారిగా మానేస్తే వణుకు, చెమటలు, నిద్రలేమి వస్తాయి. కొందరికి మూర్ఛలు వస్తాయి. రెండు మూడు రోజుల్లో మతి తప్పి లేనివి కనిపిస్తాయి. ప్రాణం మీదికి కూడా రావచ్చు. ఆ సమయంలో స్వామి పూనాడనో, దయ్యం పట్టిందనో కట్టేసి కూర్చుంటే మనిషి దక్కడు. మాల వేసుకునే ముందు డాక్టరుకు చూపించాలి. మా అమ్మాయి గురుస్వామి దగ్గరికి వెళ్ళి మొదట చెప్పింది ఈ సంగతే. ఆయన వాదించలేదు. "దీక్షకు ఒళ్ళు బాగుండాల గదా" అన్నాడు. ఆయన మాటల్లో ఆ ముక్క ముందే సిద్ధంగా ఉంది, అడిగినవాళ్ళే లేరు.

మాకు కూతవేటు దూరమని చెప్పలేనుగాని, పెద్దజబ్బు చేస్తే పలమనేరు వాళ్ళు బస్సెక్కేది వేలూరుకే. ఆ ఆసుపత్రి పుట్టుక వెనక ఒక రాత్రి కథ ఉంది. 1890ల తొలినాళ్ళలో తిండివనంలో మిషనరీ డాక్టరు కూతురు ఐడా స్కడర్ ఇంటికి ఒకే రాత్రి ముగ్గురు మగవాళ్ళు వచ్చారు. ఒకరు బ్రాహ్మణుడు, ఒకరు ముస్లిం, ఇంకొకరు మరో హిందువు. ముగ్గురి భార్యలూ ప్రసవవేదనలో ఉన్నారు. తండ్రి వస్తాడంటే ముగ్గురూ వద్దన్నారు, పరాయి మగవాడు తాకకూడదు. ఆమె వైద్యురాలు కాదు. తెల్లవారేసరికి ముగ్గురు ఆడవాళ్ళూ చనిపోయారు. ఆమె అమెరికా వెళ్ళి వైద్యం చదివి, 1900లో వేలూరులో పని మొదలుపెట్టి, 1918లో ఆడవాళ్ళ కోసం వైద్య పాఠశాల పెట్టింది. ఆచారాన్ని ఎదుర్కొని వాదిస్తూ కూర్చుంటే ఇంకెందరు పోయేవాళ్ళో. ఆచారం అడ్డుకోలేని వైద్యురాళ్ళను తయారుచేసింది. అలాగని ఆ ముగ్గురు భర్తలనూ నేను నిర్దోషులుగా వదిలిపెట్టలేను. విశ్వాసాన్ని గౌరవించడం వేరు, అది తీసిన ప్రాణాలను లెక్కపెట్టకపోవడం వేరు.

సేవలో మతాన్ని కలిపినప్పుడు వచ్చే అసలు ప్రమాదం మరొకటుంది. బాపట్ల దగ్గర స్టువార్టుపురం చూడండి. 1871 నాటి నేరస్థ జాతుల చట్టాన్ని మద్రాసు రాష్ట్రానికి 1911లో విస్తరించాక, ఎరుకల కుటుంబాలను తెచ్చి అక్కడ సెటిల్‌మెంటులో పెట్టి సాల్వేషన్ ఆర్మీ చేతికి అప్పగించారు. చదువు, పని, ప్రార్థన అన్నీ అక్కడే. హాజరు వేయించుకోకుండా కదలడానికి లేదు. కాదని వెళ్ళిపోయే హక్కు లేనివాడికి చేసే బోధను సేవ అనవచ్చునా? ఆ చట్టం 1952లో రద్దయ్యింది గాని ముద్ర పోలేదు. 1970లలో అదే ఊళ్ళో సంస్కరణకు పూనుకున్న హేమలతా లవణం నాస్తికురాలు. గోరాగారి కోడలు, జాషువాగారి కూతురు. ఆ అనుభవంతోనే 'జీవన ప్రభాతం' నవల రాసింది.

గోరా దారి కూడా మనవాళ్ళు తిరిగి చదవాలి. 1940లో ముదునూరులో నాస్తిక కేంద్రం పెట్టినాయన గాంధీతో కూర్చుని దేవుడి సంగతి వాదించాడు. ఎవరూ ఎవరినీ మార్చలేదు. కాని గోరా కూతురికి హరిజన యువకుడితో జరగవలసిన పెళ్ళిలో దేవుడి పేరు లేకుండా సత్యం పేరుతో ప్రమాణం చేయించడానికి గాంధీ ఒప్పుకున్నాడు. ఆయన హత్య తర్వాత 1948లో ఆ పెళ్ళి సేవాగ్రాంలో జరిగింది. ఎదుటివాడు నిలబడిన మాట మీదే అతనితో ప్రమాణం చేయించాలని ఆ ఆస్తికుడికి తెలిసింది. మనం నేర్చుకోవలసింది అదే విద్య, రెండోవైపు నుంచి.

హేమలత ఆ విద్యను జోగినుల మధ్య ఉపయోగించింది. 1980లలో నిజామాబాదు జిల్లాలో దేవతకు వదిలేసిన ఆడపిల్లలతో పనిచేస్తూ, వాళ్ళకూ వాళ్ళ పిల్లలకూ చదువు, ఆశ్రయం, పెళ్ళి అనే సంగతుల మీద పడింది. దేవత ఉందా లేదా అని వాదించడానికి ఆమెకు అర్హత లేక కాదు. ఆ పిల్లలు దేవతను వదులుకోవడం కంటే ముందు ఊరి పెద్దల చేతుల్లోంచి బయటపడాలి. 1988లో రాష్ట్ర ప్రభుత్వం దేవదాసీలుగా అంకితం చేయడాన్ని నిషేధిస్తూ చట్టం చేసింది.

ఆ చట్టం మా ప్రాంతంలో ఇంకా పూర్తిగా అడుగుపెట్టలేదని ఒప్పుకోవాలి. పలమనేరుకు తూర్పున, ఒకప్పటి చిత్తూరు జిల్లా తూర్పు మండలాల్లో, అరవదేశపు సరిహద్దు పొడవునా మాతమ్మ కొలువుంది. బిడ్డకు జబ్బు చేస్తుంది. ఆసుపత్రి దూరం, చేతిలో డబ్బు లేదు. బతికితే నీకే ఇస్తానని తల్లి మొక్కుకుంటుంది. బిడ్డ బతికితే ఆడపిల్ల మెడలో అమ్మవారి పేర తాళి పడుతుంది. ఇక ఆమెకు పెళ్ళి లేదు, జాతరలో ఆడాలి, ఆమె మీద ఎవరికైనా హక్కే. 2017లో జాతీయ మానవహక్కుల సంఘం ఈ ఆచారం మీద ఆంధ్రప్రదేశ్‌కూ తమిళనాడుకూ నోటీసులు ఇవ్వవలసివచ్చింది. ఈ బిడ్డలు ఎక్కువమంది మాదిగ, అరుంధతీయ ఇళ్ళలో పుట్టినవాళ్ళు.

తెలుగు ఎమ్మే చదివినవాడికి ఇక్కడ 'గబ్బిలం' గుర్తురాక తప్పదు. 1941లో జాషువా సృష్టించిన నాయకుడు అరుంధతీసుతుడే. గుడిలోకి అతనికి ప్రవేశం లేదు, గబ్బిలానికి ఉంది. కాబట్టి తన మొర కాశీ విశ్వనాథుడి చెవిన వేయమని గబ్బిలాన్ని వేడుకుంటాడు. దేవుడికి విన్నపం చేసుకోవడమేమిటి, తిరుగుబాటు చేయవద్దా అని మన విమర్శకులు కొందరు దీన్ని తక్కువ చేశారు. నేనూ ఒకప్పుడు అలాగే పాఠం చెప్పాను. ఇప్పుడు అలా అనిపించడం లేదు. పక్షికి దొరికిన చోటు మనిషికి ఎందుకు దొరకలేదని అడిగినప్పుడు, విశ్వాసం లోపలే నిలబడి విశ్వాసాన్ని బోనెక్కించినట్టే. బయట నిలబడి రాయి విసిరితే తలుపులు మూసుకునేవాళ్ళు కూడా ఆ ప్రశ్నకు జవాబు చెప్పుకోవాలి. కూతురు జోగినుల దగ్గర చేసిన పనికి తండ్రి కావ్యం పునాది అని నేను రుజువు చేయలేను. అలా చదువుకోవడం మాత్రం నాకిష్టం.

మాతమ్మకు మొక్కుకున్న తల్లి దగ్గరికి వెళ్ళే సంఘసేవకురాలు మూఢనమ్మకమని మొదలుపెడితే సంభాషణ అక్కడే ముగుస్తుంది. మీ ఆచారం మీది అని ఊరుకుంటే బిడ్డ బతుకు ముగుస్తుంది. ఆ తల్లి మొక్కుకున్నది బిడ్డ ప్రాణం కోసం. ఆ ప్రేమను పట్టుకుని, ప్రాణం నిలిచాక ఆ బతుకునే ఎందుకు ఇచ్చేయాలని అడగవచ్చు. చీరెతోనో, పొంగలితోనో మొక్కు తీరదా అని కులపెద్దల చేత, పూజారుల చేత చెప్పించవచ్చు. పక్కనే చట్టం సంగతీ చెప్పాలి, దాచకూడదు. అన్నిటికంటే ముందు ఆ ఊరికి డాక్టరు రావాలి. డాక్టరు లేనిచోట మొక్కు తప్ప గతి లేదు. మొక్కుబడిని నిందించే మనం ఆరోగ్య కేంద్రం కోసం ఎన్నిసార్లు ధర్నా చేశామో లెక్కపెట్టుకోవాలి.

పిచ్చి అని మనం అనే మానసిక రోగాల విషయంలోనూ రెండువైపులా సాక్ష్యం ఉంది. 2001 ఆగస్టు 6న తమిళనాడులోని ఏర్వాడిలో, దర్గా నీడన వెలిసిన ఒక ఆశ్రయంలో మంటలు లేచి, గొలుసులతో కట్టేసి ఉన్న రోగులు 28 మంది చనిపోయారు. దర్గా చంపలేదు, గొలుసు చంపింది అని కొందరంటారు. గొలుసుకు దర్గా పేరు అడ్డుపెట్టారన్నది నా అభిప్రాయం. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం గొలుసులు వేయడాన్ని నిషేధించింది. ఆ మరుసటి ఏడే, 2002లో, బెంగుళూరు నిమ్హాన్స్ పరిశోధకులు తమిళనాడులోనే ముత్తుస్వామి గుడిలో కొన్ని వారాలు ఉన్న 31 మంది రోగులను పరిశీలించి, రోగలక్షణాల కొలత దాదాపు ఐదోవంతు తగ్గిందని ప్రకటించారు. అక్కడ ప్రత్యేకమైన మంత్రతంత్రాలు లేవు. వెంట ఇంటివాళ్ళు ఉన్నారు, చిన్నచిన్న పనులున్నాయి, పిచ్చివాడని వెక్కిరించేవాళ్ళు లేరు. 2008 నుంచి గుజరాతులో ఉనావా మీరాదాతార్ దర్గాలో 'దవా-దువా' అనే పేరుతో ప్రార్థన పక్కనే మందులిచ్చే డాక్టరును కూర్చోబెట్టారు. రోగి దర్గాకే వస్తాడు, ముజావరే డాక్టరు దగ్గరికి పంపుతాడు.

గుడికీ ఏర్వాడికీ తేడా ఏమిటంటే నాకు తోచిన గుర్తు ఒక్కటే. అక్కడున్నవాడు లేచి వెళ్ళిపోగలడా? మాల తీసేయవచ్చు. సాక్ష్యం చెప్పకుండా కూర్చోవచ్చు. గొలుసు తీయడానికి లేదు, మాతమ్మ తాళి తీయడానికి లేదు. స్టువార్టుపురంలో హాజరు తప్పించుకోవడానికి లేదు.

ఐతే ఇదంతా చెప్పి దుకాణం సంగతి చెప్పకపోతే ఈ వ్యాసం రాసినందుకు నేనే సిగ్గుపడాలి. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో అక్షరాలు నేర్చుకుంటున్న ఆడవాళ్ళు మగవాళ్ళ చేత ప్రమాణాలు చేయించలేదు. సారా దుకాణానికి అడ్డంగా నిలబడ్డారు. 1993 అక్టోబరు 1 నుంచి సారా నిషేధం, 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధం ఆ పోరాటం వల్ల వచ్చినవే. 1997లో నిషేధం సడలింది. తర్వాత దుకాణాలు ఒకప్పుడు ప్రైవేటువాళ్ళవి, 2019 నుంచి ప్రభుత్వమే నడిపినవి, 2024 అక్టోబరు నుంచి మళ్ళీ ప్రైవేటువాళ్ళవి. చేతులు మారాయిగాని ఖజానాకు మద్యం మీద మమకారం తగ్గలేదు. హమాలీకి ఆధ్యాత్మిక బలం కలిగించి, దుకాణాన్ని ఆయన దారిలోనే ఉంచి, నిలబడలేకపోతే లోపం నీదేనని చెప్పే సంఘసేవ ఎవరికి సేవ? విశ్వాసాన్ని లెక్కలోకి తీసుకోమనే కొత్త పుస్తకాలలో ఈ ప్రశ్నకు చోటు తక్కువ. అక్కడ నేను ఇప్పటికీ పుస్తకం మూసేస్తాను.

మా అమ్మాయి చేసింది పెద్ద పనిగా కనిపించదు. మాల కాలం అయిపోయాక కూడా వారానికొక సాయంత్రం ఆ భజన మనుషులు కలవాలని గురుస్వామిని అడిగింది. మాల అక్కర్లేదు, నల్లబట్టలక్కర్లేదు, పాట రానివాళ్ళు పాడనక్కర్లేదు. అక్కడ ఒకరినొకరు స్వామీ అనే పిలుచుకోవాలి. ఆయన కొంత ఆలోచించి ఒప్పుకున్నాడు. గురువారం సాయంత్రాలు కూడుతున్నారు. మేస్త్రీ కూడా అప్పుడప్పుడు వచ్చి ఓ మూల కూర్చుంటున్నాడు. మెకానిక్కు రాడు, ఆయనకు వేరే దారి వెతుకుతోంది. హమాలీ ఈ ఏడాదిలో రెండుసార్లు జారాడు. రెండోసారి జారినప్పుడు మూడు రోజులు ఇంట్లో ముఖం చూపలేదు. నాలుగో రోజు గురుస్వామే మండీకి వెళ్ళి "స్వామీ" అని పిలిచాడట, ఓనరు వింటుండగానే.

పిల్లవాడికి నేను క్షమాపణ చెప్పాను. తరగతిలో అన్నమాట కాబట్టి తరగతిలోనే చెప్పాను. వాడు ఏమీ అనలేదు. ఇప్పుడు రెండో బెంచీలో కూర్చుంటున్నాడు.

ఈ కార్తీకంలో తండ్రి మళ్ళీ మాల వేసుకున్నాడు. ఇరుముడి కట్టే రోజు రమ్మని పిలిచాడు. దేవుడి పనికి నేను రాలేనని, శబరిమల నుంచి వచ్చాక మాల తీసిన మర్నాడు పొద్దున్నే మండీ దగ్గరికి వస్తానని చెప్పాను.